స్థానిక నామం: లేదు

మద్రాసు,
12 అక్టోబరు 1958

ప్రియమైన కృపకు ఆనందరావు వందనాలు.

మామయ్యా, అత్తమ్మా కులాసాగా ఉన్నారని తలుస్తాను. పోయిన నెల మాచర్ల దాకా వచ్చి ఇంటికి రాకుండా వెళ్ళిపోయానని అత్తమ్మ అలిగిందని విన్నాను. ప్రొఫెసర్ వేదాచలంగారిని జీపులో కూర్చోబెట్టి నేను చుట్టాల ఇళ్ళు తిరగలేను కదా. నువ్వే ఆమెకి నచ్చజెప్పాలి.

పలనాటి మొక్కల మీద మా పరిశోధన గ్రంథం దాదాపు సిద్ధమైంది. ఇంగ్లీషులో, బొమ్మలతో, లావుపాటి పుస్తకం. క్రోసూరు నుంచి బొల్లాపల్లి దాకా మొలిచే ప్రతిదీ అందులో ఉంటుంది. అట్ట మీద ప్రొఫెసరుగారి పేరు పెద్దక్షరాల్లోనూ, దాని కింద నా పేరు కాస్త చిన్నక్షరాల్లోనూ వేస్తారు. ఆ రాళ్ళలో ఏముందని ఇక్కడి తోటి లెక్చరర్లు నవ్వారు. నిజానికి నేనూ నవ్వినవాడినే. గాడిదలు కూడా ఆలోచించి మేయవలసిన నేల మనది. కానీ అక్కడే, మన మాచర్ల పక్కనే, ఇంతవరకూ ఏ పుస్తకానికీ ఎక్కని మొక్క ఒకటి నా కంటపడింది. ఎండబెట్టిన మొక్కలను అట్టలకు కుట్టి దాచే గది ఒకటుంది మాకు, హెర్బేరియం అంటారు. అందులో ఉన్న మన దేశపు మొక్కలన్నిటితో పోల్చి చూశాం. దేనితోనూ కలవలేదు. కొత్త జాతి అని ప్రొఫెసరుగారు నిన్న ఖాయం చేశారు.

లాటిన్‌లో దానికి పేరు పెట్టాలి. కనుక్కున్నవాడిని నేను కాబట్టి ఆ పేరులో రెండో మాటగా నీ పేరు రాశాను. ఆయన సరేనన్నారు. రాజులకూ దొరలకూ దక్కే మర్యాద ఇది, మాచర్ల టీచరమ్మకు దక్కుతోంది.

పుస్తకం అచ్చయితే రీడరు ఉద్యోగం నాదేనని ఆయన మాట ఇచ్చారు. ఆ తరువాత మామయ్యతో మన పెళ్ళి సంగతి మాట్లాడదామని ఉంది. చిన్నప్పటి నుంచీ అందరూ అనుకుంటున్నదే అయినా నువ్వు ఔనన్నది లేదు, కాదన్నది లేదు. ముందు నీ జవాబు నాకు కావాలి.

ఒక అధ్యాయం టైపు చేయించి పంపుతున్నాను. నువ్వూ బి.ఎస్సీ. చదివినదానివే కనుక కొంతవరకు అర్థమవుతుంది. పిల్లల చేత ఆకుల బొమ్మలు గీయించేవాళ్ళు అసలు పరిశోధన ఎలా ఉంటుందో ఒకసారి చూడడం మంచిది.

నీ బావ,
ఆనందరావు


మాచర్ల,
30 అక్టోబరు 1958

బావకు కృప వందనాలు.

నీ అధ్యాయం చదివాను. కొంతవరకు కాదు, మొత్తం అర్థమైంది. అదే వచ్చిన చిక్కు.

ఎత్తిపోతల దగ్గర బండలు "మానవ సంచారం లేనివి" అని రాశారు. మీరు ఆ బండల మీదే కూర్చుని ఉప్మా తిని, విస్తళ్ళు అక్కడే పారేసి వెళ్ళారని అక్కడి ఫారెస్టు గార్డు మా బడి ప్యూను జక్కయ్యతో చెప్పాడు. జక్కయ్య వచ్చి బడంతా చెప్పాడు. బొల్లాపల్లి వైపు పొలాల్లో "వృక్షసంపద దాదాపు శూన్యం" అన్నారు. మీరు వెళ్ళింది మే నెలలో. మే నెలలో అక్కడ మనుషులే ఆరుబయట కనపడరు, ఇక మొక్కలెందుకు కనపడతాయి? తొలకరి తరువాత ఒక్కసారి దిగి చూడవలసింది. జీపులోంచి దిగడం మీ ప్రొఫెసరుగారికి ఎంత కష్టమో నాకు తెలియదనుకో.

ఇంకొక చోట, చెరువుల పక్కన దొరికే ఒక ఆకును "స్థానికులు ఏదో ప్రయోజనానికి వాడుదురు" అని ఉంది. బొమ్మ చూశాను. అది పొన్నగంటి కూర. మా అమ్మ పప్పులో వేసి వండితే అడిగి మరీ రెండోసారి వడ్డించుకున్నావు. ఆ ప్రయోజనం ఏమిటో నీకు అప్పుడు బాగానే తెలుసు. మద్రాసు నీళ్ళు తాగగానే మేం స్థానికులమైపోయాం కాబోలు.

అన్నిటికంటే నాకు ఒళ్ళు మండించింది పట్టికలో చివరి గడి. ప్రతి మొక్క ఎదురుగా "స్థానిక నామం" అని రాసి, సగానికి పైగా "లేదు" అని పెట్టారు. లేదని ఎవరు చెప్పారు? ఎవరినడిగారు? మద్రాసు నుంచి తెచ్చుకున్న డ్రైవరునా? తంగేడుకు, తుమ్మకు మటుకు పేర్లు రాశారు, అవి నీకు తెలుసు గనుక. నీకు తెలియనివాటికి పేరే లేదన్నమాట. పుస్తకం రాయడం ఇంత తేలికని తెలిస్తే నేనూ రాసేదాన్ని.

ఇక నా పేరు సంగతి. నన్ను ఒక్క మాట అడగకుండా పెట్టావు. కోపం రావాలి, నిజమే, వచ్చింది. కానీ ఉత్తరం మడిచిపెట్టాక మళ్ళీ తీసి ఆ వాక్యం ఒక్కటీ చదువుకున్నాను. అబద్ధం ఎందుకు చెప్పాలి? ఆ మొక్క ఎలా ఉంటుందో, సరిగ్గా ఎక్కడ దొరికిందో రాయి. నా పేరు మోసేదాని ముఖం నేనూ చూడాలి కదా. రెండో ప్రశ్నకు జవాబు అది చూశాక చెబుతాను.

కృప


మద్రాసు,
11 నవంబరు 1958

కృపా,

నీ నోటికి మద్రాసులోనే గొళ్ళెం దొరకదు, మాచర్లలో ఎక్కడ దొరుకుతుంది? పొన్నగంటి సంగతి దిద్దించాను. మిగతావి అలాగే ఉంటాయి. శాస్త్రానికి లాటిన్ పేరు ముఖ్యం. పల్లెటూళ్ళో ఒక్కో గడపకి ఒక్కో పేరుంటుంది, వాటినన్నిటినీ ఎక్కించుకుంటూ పోతే పుస్తకం సంత అవుతుంది.

అడిగావు గనుక రాస్తున్నాను. నేల మీద పాకే చిన్న మొక్క. ఆకులు నూగు నూగుగా, బూడిద రంగులో ఉంటాయి. పువ్వు నీలం, మధ్యలో తెల్లటి చుక్క. వానల తరువాత పూస్తుంది. చంద్రవంక వాగు గట్టు మీద, ఊరికి అవతల, పాత ప్రహరీ గోడ ఒకటి ఉంది చూడు, దాని వెనుక రాళ్ళ మధ్య దుప్పటి పరిచినట్టు ఉంది. వాగు వెంట ఇంకెక్కడా లేదు, ఆ ఒక్క చోటే. ఇంత చిన్న జాగాలో మాత్రమే బతికే జాతులు చాలా అరుదని ప్రొఫెసరుగారు దాని మీద ప్రత్యేకంగా ఒక ప్రకరణం రాశారు. పుస్తకానికి అదే ప్రాణం. స్థానిక నామం గడిలో ఏం రాశానో చెప్పనక్కర్లేదు, మళ్ళీ తిడతావు.

ముఖం చూడాలన్నావు, చెప్పాను. ఇప్పుడు జవాబు రాయి.

ఆనందరావు


మాచర్ల,
24 నవంబరు 1958

బావా,

నీ ఉత్తరం చదివి మొదట పెద్దగా నవ్వాను. వంటింట్లోంచి అమ్మ, "ఏమే, నీకేమన్నా పిచ్చి పట్టిందా ఏంది?" అంది. తరువాత నవ్వు పోయింది.

నువ్వు రాసిన పాత ప్రహరీ గోడ మన చర్చి సంఘం సమాధుల తోట గోడ. ఆ మొక్కకు పేరుంది. దొరసాని పూలు. మాచర్లలో మన ఆడవాళ్ళలో ఎవరినడిగినా చెప్పేవారు. మీ అమ్మ మరియమ్మత్త మిషను ఆస్పత్రిలో ఎడ్నా దొరసాని దగ్గర నర్సుగా చేసేది గుర్తుంది కదా. అత్త పోయినప్పుడు నువ్వు గుంటూరు బోర్డింగులో ఉన్నావు. వచ్చి మట్టి వేసి మరునాడే వెళ్ళిపోయావు. ఆ తరువాత ఏడాది దొరసాని అమెరికాలో వాళ్ళ ఊరి నుంచి గింజలు తెప్పించి అత్త సమాధి మీద చల్లింది. వాళ్ళ ఊరూ మన ఊరిలాగే ఎండా, రాయీనట. ఇక్కడా బతుకుతాయని చెప్పింది, బతికాయి. పక్క సమాధుల మీదికీ పాకాయి.

ఇక గోడ అవతలికి ఎలా వెళ్ళాయంటావా? ఈస్టరు ముందు శనివారం మన వాళ్ళందరూ సమాధులు శుభ్రం చేస్తారు. ఎండిపోయిన మొక్కలూ గడ్డీ పీకి, సున్నం కొట్టి, తెల్లారి ఆరాధనకు సిద్ధం చేస్తారు. సమాధి మీద మొలిచినదాన్ని కాల్చకూడదని మన పెద్దల పట్టుదల. పొయ్యిలో పెట్టరు, గొడ్లకు వేయరు. చేటలకెత్తి గోడ మీదుగా వాగు వైపు విసురుతారు. ఎండిన కాయల్లో గింజలుంటాయి. వాన పడగానే అక్కడ మొలుస్తాయి. లోకంలో ఇంకెక్కడా లేని ఆ జాగా మా చేటలు పడే జాగా బావా.

నీకు తెలియకపోవడంలో వింత లేదు. ఆ రోజుల్లో నీకెప్పుడూ పరీక్షలే. క్రిస్మసుకు వచ్చేవాడివి, అప్పటికి ఆ మొక్కలు ఎండి గడ్డిలో కలిసిపోయి ఉంటాయి. అయినా ఆ గోడ నా నడుము దాటదు. జీపు దిగినవాడివి తల కొంచెం ఎత్తి ఇటు చూస్తే మీ అమ్మ సమాధి నిండా నీలంగా పూసి కనపడేది. తల్లి దగ్గరికి వెళ్ళాలని కూడా తోచలేదా నీకు? ప్రొఫెసరుగారు ఉన్నారని సిగ్గుపడ్డావా? నాకు నిజంగా ఏడుపొచ్చింది.

మీరు మన దేశపు అట్టలతోనే పోల్చారు. అమెరికా అట్టలతో పోల్చమని ప్రొఫెసరుగారితో చెప్పు. పేజీ అచ్చుకు వెళ్ళకముందే చెప్పు. పొరపాటు అందరికీ వస్తుంది, నేను దానికి నిన్ను ఎత్తిపొడవను. సరే, కొన్నాళ్ళు పొడుస్తాను. ఆ పేజీ తీయించి రా, వచ్చి నన్ను అడుగు. నా జవాబు ఏమిటో నీకు తెలుసనే అనుకుంటున్నాను.

కృప


మద్రాసు,
6 జులై 1959

కృపా,

ఇన్ని నెలలు రాయనందుకు ఏమైనా అను, పడతాను. క్రిస్మసుకు కూడా రాలేదు. వస్తే నీ ముఖం చూడాలి కదా.

నీ ఉత్తరం అందిన వారంలోనే అమెరికా అట్టలు తెప్పిద్దామని ప్రొఫెసరుగారితో అన్నాను. ఎందుకని అడిగారు. అనుమానంగా ఉందన్నాను. "ఎవరికి?" అన్నారు. ఆ ప్రశ్నకు నేను నీ పేరు చెప్పలేకపోయాను. హైస్కూలు టీచరు చెప్పిందంటే ఆ గదిలో నవ్వని మనిషి ఉండడు. పైగా దొరసాని ఎప్పుడో గింజలు చల్లిందనడానికి ఆధారం ఏమిటి? ఆడవాళ్ళు చెప్పుకునే మాట. గట్టు మీదివే గోడ దాటి సమాధుల మీదికి పాకి ఉండవచ్చు కదా? శాస్త్రంలో అలా కూడా ఆలోచించాలి. ఈ మాట నీకు కోపం తెప్పిస్తుందని తెలుసు, కానీ నువ్వు మొక్కలను భక్తితో చూస్తావు, నేను పనిగా చూస్తాను.

ఇప్పుడు ఇంకో సంగతి వచ్చిపడింది. పుస్తకం అచ్చుకు సాయం చేస్తున్న సంఘంలో ఒక పెద్దాయన, మొక్కను సహజస్థలంలో ప్రొఫెసరుగారు స్వయంగా చూశారా అని అడిగాడట. ఆయన చూడలేదు, ఆ రోజు జీపులో కునుకు తీస్తున్నారు. సెప్టెంబరులో వస్తున్నారు. నాకు సెలవు దొరకదు, నువ్వే వెంట ఉండి చూపించాలి.

ఒక్క సాయం చెయ్యి. వాన పడగానే వాగు గట్టు మీది మొక్కలు కొన్ని వేళ్ళతో సహా తీసుకెళ్ళి ఎత్తిపోతల బండల సందుల్లో నాటించు. జక్కయ్యకు చెబితే చేస్తాడు. రెండో చోట కూడా దొరికిందంటే ఇక ఎవరూ నోరెత్తరు. ఇది మోసం కాదు, ఎలాగూ మొక్క అక్కడ బతుకుతుంది. నా ఉద్యోగం, మన పెళ్ళి, అన్నీ ఈ పుస్తకం మీదే ఉన్నాయి. నీకు మాత్రం మద్రాసులో సంసారం చేయాలని ఉండదా?

నీ
ఆనందరావు


మాచర్ల,
22 సెప్టెంబరు 1959

బావకు,

మీ ప్రొఫెసరుగారు వచ్చి వెళ్ళారు. ఎత్తిపోతలలో నేను ఏమీ నాటించలేదని ముందే రాసేస్తున్నాను, ఆశపడి చదవకు.

జీపు సరాసరి మా బడి ముందుకే వచ్చింది. నేను తరగతి వదిలేసి, జక్కయ్యను తోడు తీసుకుని వాగు దగ్గరికి తీసుకెళ్ళాను. రాత్రి వాన పడి గట్టు బురదగా ఉంది. ఆయన కొత్త బూట్ల వంక చూసుకుని, డ్రైవరును దింపి ఒక మొక్క పీకించి తెప్పించుకున్నారు. సహజస్థలంలో స్వయంగా చూడడం అంటే అదేనట. భూతద్దం పెట్టి చూసి అద్భుతం అన్నారు. జక్కయ్య ముక్కున వేలేసుకుని, "ఈటి కోసమా అయ్యా అంత దూరం నుంచి వచ్చింది? ఒక ముక్క రాస్తే పార్సిల్లో పంపేవోళ్ళం గదా" అన్నాడు. ఆయనకి నవ్వు రాలేదు.

నేను సమాధుల తోట తలుపు తీసి లోపలికి రమ్మన్నాను. వచ్చారు, అక్కడ నేల గట్టిగా ఉంది మరి. మరియమ్మత్త సమాధి మీద, చుట్టూ ఉన్న వరస మీద, మట్టి కనపడకుండా పూసి ఉన్నాయి. దొరసాని సంగతీ, ఈస్టరు శనివారం సంగతీ, చేటల సంగతీ అన్నీ చెప్పాను. నీ పేరు ఎత్తలేదు, ఎవరి సమాధి అన్నదీ చెప్పలేదు. ఆయన చాలాసేపు ఆ పూలను చూశారు. పొరపాటు ఒప్పుకుంటారనుకున్నాను. పెద్ద చదువు చదివిన మనిషి గదా అని మనసులో గౌరవం కూడా తెచ్చిపెట్టుకున్నాను.

అప్పుడాయన గొంతు తగ్గించి, "చూడమ్మా, లోపల ఉన్నవి ఎవరికి కావాలి? ఇవన్నీ పీకించేయండి. బయటివి ఉంటే చాలు" అన్నారు.

నేను ఏం మాట్లాడానో నాకే సరిగా గుర్తులేదు. అవి చచ్చినవాళ్ళ మీద పూసే పూలండీ, మీ పుస్తకానికి అడ్డమొచ్చాయని పీకడానికి మేం కూలికి రాలేదు అని అన్నట్టున్నాను. ఆయన ఏమీ నొచ్చుకోలేదు. తన శిష్యుడి మరదలినని తెలుసు గనుక చిన్నపిల్లను చూసినట్టు చూసి నవ్వారు. తరువాత మా ఇంటికే భోజనానికి వచ్చారు. నాన్న పక్కన నిలబడి విసనకర్రతో విసిరాడు. తను హెడ్మాస్టరుగా ఉన్నప్పుడు ఇన్‌స్పెక్టరుకు కూడా అలా విసరలేదని అమ్మ తరువాత దెప్పింది. మీ మేనల్లుడు చాలా పైకి వస్తాడని ఆయన చెబితే నాన్న కళ్ళు తుడుచుకున్నాడు. గోంగూర పచ్చడి బాగుందని కొంచెం మూట కట్టించుకుని వెళ్ళారు. దాని స్థానిక నామం ఏమిటని నేను అడగబోయి ఊరుకున్నాను.

బావా, ఇప్పుడు నీకు ఆధారం లేదనడానికి లేదు. మీ ప్రొఫెసరు కళ్ళతో చూసి, అర్థం చేసుకుని, పీకించమన్నాడు. అర్థం కాకపోతే అలా అనడు. ఇక మిగిలింది నువ్వు. ఆయన ఎలాంటివాడో నాకు అనవసరం, నేను ఆయన్ని చేసుకోబోవడం లేదు.

కృప


మద్రాసు,
9 అక్టోబరు 1959

కృపా,

నువ్వు నన్ను పిరికివాడినని అంటావు. అనే ముందు ఇది విను.

నీ ఉత్తరం పట్టుకుని నేను ప్రెస్సుకు వెళ్ళాను. ఆ పేజీ ప్రూఫు చేతికి తీసుకున్నాను. ఇది ఆపండి, మార్పులున్నాయి అని ఫోర్‌మన్‌తో అన్నాను కూడా. అతను సరేనని ప్రొఫెసరుగారికి ఫోను చేశాడు. ఆయన నాతో మాట్లాడారు. కోప్పడలేదు. "ఆనందరావ్, నువ్వు అలసిపోయావు, ఇంటికి వెళ్ళి పడుకో" అన్నారు, అంతే. నేను ప్రూఫు బల్ల మీద పెట్టి వచ్చేశాను. దారంతా నా మీద నాకే అసహ్యం వేసింది.

ఆ తరువాత నెమ్మదిగా ఆలోచించాను. ఈ పుస్తకంలో వందల మొక్కలున్నాయి. ఒక్కటి తప్పయితే మిగతావన్నీ తప్పవుతాయా? నేను మేడలెక్కింది ఎవరి అండతో? తల్లీ తండ్రీ లేని మాచర్ల కుర్రాడిని, ఆయన చేయి పట్టుకుని పైకి లాగారు. నీకు జీతం ఇచ్చే బడి నీ ఊళ్ళోనే ఉంది, నీకు ఆ భయం తెలియదు. ఇంకో పదేళ్ళకు నేనే ఆ కుర్చీలో కూర్చుంటాను. అప్పుడు నేనే దిద్దుతాను. ఇది నా మాట.

సమాధుల తోటలో ఉన్నవాటి గురించి నువ్వేమీ చేయనక్కర్లేదు. నిన్ను అడగడమే తప్పు, క్షమించు. అమ్మ సమాధి సంగతి నేను చూసుకుంటాను. ఎన్నాళ్ళ నుంచో చేయాలనుకుంటున్నదే.

పుస్తకం ఈస్టరు నాటికి వస్తుంది. మొదటి ప్రతి నీకే పంపుతాను.

నీ
ఆనందరావు


మాచర్ల,
27 ఏప్రిల్ 1960

ఆనందరావు బావకు,

పుస్తకం అందింది. కాగితం బాగుంది. రీడరు ఉద్యోగం వచ్చిందని నాన్న చెప్పాడు, సంతోషం.

మొదట ఆ పేజీయే తీశాను. నా పేరు లేదు. మీ అచ్చుకు సాయం చేసిన సంఘానికి అధ్యక్షుడట, ఒక జమీందారు, ఆయన పేరు ఉంది. ఈ సంగతి నీకు ఎప్పటి నుంచి తెలుసో నేను అడగను. దొంగ మొక్కకు నా పేరు తప్పించినందుకు మీ ప్రొఫెసరుగారికి నా వందనాలు చెప్పు, ఆయన చేసిన మంచి పని అదొక్కటే. ముందుమాటలో జీపు డ్రైవరుకూ, ఫారెస్టు వారికీ, ప్రొఫెసరుగారి సతీమణికీ కృతజ్ఞతలు చెప్పారు. మాచర్లలో తిన్న పచ్చడిని మరిచిపోయారు. చివరి గడిలో "స్థానిక నామం: లేదు" అని అలాగే ఉంది. నేను చెప్పాక కూడా ఉంది. ఆ ఒక్క మాట దిద్దితే కథంతా బయటపడుతుందని గాని, లేకపోతే నువ్వు దిద్దేవాడివేనని నమ్మాలని నాకు ఇంకా ఉంది చూడు, నా బుద్ధికి నేనే సిగ్గుపడుతున్నాను.

మార్చిలో పరీక్షల డ్యూటీకి నర్సరావుపేట వెళ్ళి, ఈస్టరు ముందు శనివారం పొద్దున బండికి దిగాను. చేట తీసుకుని సమాధుల తోటకి వెళ్ళాను. నువ్వు చూసుకుంటానన్నది అప్పుడు చూశాను. నాన్నకు విడిగా ఉత్తరం రాశావట, నాకు తెలియకుండా. మరియమ్మత్తకు సమాధి కట్టించాలని, ఒక్క తల్లికే చేస్తే బాగుండదు గనుక ఆ వరస మొత్తానికి నాపరాళ్ళు పరిపించమని, ఖర్చంతా నీదని. నాన్న దగ్గరుండి చేయించాడు. మట్టి చెక్కి, సున్నం పోసి, అంచు అంచు కలిపి రాళ్ళు పరిచారు. ఒక్క గడ్డిపోచకు కూడా సందు లేదు. అత్త పేరు రాతి మీద చెక్కించాడు, దాని కింద నీ పేరూ, నీ కొత్త ఉద్యోగమూ.

ఆదివారం తెల్లారి ఆరాధనలో పాస్టరు అయ్యగారు నీ గురించి ప్రత్యేకంగా ప్రార్థన చేశారు. తల్లిని మరవని కొడుకు అన్నారు. నాన్న నా చెయ్యి పట్టుకుని, "మా చెల్లెలు అదృష్టవంతురాలమ్మా, చానా గొప్పోడయినా మా వాడు మట్టిని మర్చిపోలా" అని ఏడ్చాడు. నిజం నా నాలుక చివరిదాకా వచ్చింది. ఆయన ముఖం చూసి మింగేశాను. ఇప్పటికీ చెప్పలేదు, చెప్పలేను. అందరూ నిన్ను మెచ్చుకుంటుంటే తల ఊపుతూ కూర్చున్నాను బావా. మీ ప్రొఫెసరు నిన్ను ఏం చేశాడో నువ్వు నన్ను అదే చేశావు.

నువ్వు గెలిచావు. ఇప్పుడు మీ పుస్తకంలో ఉన్నది అక్షరాలా నిజం. ఆ మొక్క వాగు గట్టు మీద తప్ప ఎక్కడా లేదు. ఈ ఏడు గోడ మీదుగా విసరడానికి మాకేమీ దొరకలేదు, చేటలు ఖాళీగా తెచ్చుకున్నాం. ఇక గింజలు పడవు. వాగుకు రెండు వరదలొస్తే గట్టు మీదివీ పోతాయి. ఆ తరువాత మీ పేజీ ఒక్కటే మిగులుతుంది, దాన్ని కాదనడానికి ఎవరూ ఉండరు.

నువ్వు భయపడినంత మాత్రమే అయితే నేను నిన్ను చేసుకునేదాన్ని. భయం నాకు తెలియదన్నావు, తెలుసు. ప్రూఫు బల్ల మీద పెట్టి వచ్చిన రోజు కూడా నిన్ను పూర్తిగా వదులుకోలేదు. కానీ తల్లి మీద ప్రేమను కూడా పనికి వాడుకున్నవాడు రేపు నా మీద ప్రేమను దేనికి వాడుకుంటాడో అని ప్రతి పూటా చూసుకుంటూ నేను సంసారం చేయలేను. నువ్వు నాకొక బహుమతి తెస్తే దాని కింద ఏం కప్పావో అని వెతుకుతాను. అలాంటి బతుకు నాకు వద్దు.

నువ్వు అడిగిన ప్రశ్నకు నా జవాబు, "కాదు." నాన్నకు ఏదో ఒక కారణం నేనే చెప్పుకుంటాను.

కృప